పెండ్లి క్యాసెట్ల దాసరి పురుగు

నీళ్ల సీస ఇచ్చింది, ఇచ్చుకుంట మూత గూడ తనే తీసింది. మూతెందుకు తియ్యాలె? నా చేతులకేమొచ్చింది, పొద్దుగాల గీ చేతులతోనే బర్రెకు పాలు పిండి, బస్సెక్కి, కడ్డీ పట్టుకొని నిలవడి కల్వకుర్తి దాక వచ్చిన. చల్లగున్నాయి తాగండి అమ్మమ్మా అంటది. మా దిక్కు అవ్వ అంటరు పొల్లా. నిన్ను చూస్తె నా మనుమరాలు అక్షిత ఈడే ఉన్నవు గని మాట మాత్రం టీవిల మాటనే. పేరు దీప్తి అంట. సినిమ కంపెనీల కొలువంట. సినిమల ఏం జేస్తవు బిడ్డా, ఏషం కడ్తవా అంటె, లేదమ్మమ్మా, పాత బొమ్మలు వెతికి తెస్తాను అన్నది. ఇదొక కొలువా? ఎవలియో పెండ్లిళ్లు, ఎవలియో జాతర్లు, మట్టిల కలిసిపోయినోళ్ల నవ్వులు, అటుకల మీదికెళ్లి దించి, దుమ్ము దులిపి, పట్కపోయి ఏం జేస్తరు? ఫుటేజి అంట దాని పేరు. బొమ్మ అంటె అయిపోయేదానికి గింత పేరు పెట్టిండ్రంటెనే ఏదో ఉన్నది దాంట్ల. సీస ఒళ్లె పెట్టుకొని కూసున్న. గొంతు ఎండుతనే ఉన్నది, అయినా తాగలే.

గంట పడ్తది అవ్వా అన్నడు ఫరాజ్. గీ దుకాణం గాయినదే ఇప్పుడు, అంతకుముందు వాళ్ల నాయిన లియాఖత్ అలీది. గప్పుడు నీలం పరదా ఉండె, పరదా మీద కొలను, కొలన్ల హంస, హంస ముంగట నిలవెట్టి ఫొటో తీస్తుండె. ఇప్పుడు హంస లేదు, గోడ నిండ కంప్యూటర్లు, ఫ్రిజ్జు తీరు సప్పుడు. పాత వీడియో క్యాసెట్లను కంప్యూటర్లకు ఎక్కిస్తడంట ఫరాజ్. సినిమ కంపెనోళ్లొచ్చి అటుక మీది క్యాసెట్లన్ని దించి చూపియ్యమన్నరంట, గండ్ల దొరికిందంట మా మమత పెండ్లిది. అట్ట మీద మమత, శ్రీశైలం అని రాసి చుట్టు పూలు గీసి ఉన్నదంట. నాకు ఫోను జేసిండు. నేను చిట్యాలల ఉన్న మమతకు ఫోను జేసిన. నాకు గా క్యాసెట్ జోలి వద్దమ్మా, నువ్వే పోయి చూడు, ఇయ్యాల్నంటె ఇయ్యి, వద్దంటె వద్దను అన్నది నా బిడ్డ. ఫోను పెట్టేసెటప్పుడు ముక్కు చీదిన సప్పుడు ఇనవడ్డది. ఇప్పుడు ఫరాజ్ గా క్యాసెట్ పొట్ట ఇప్పి, నల్లటి రీలు మీది బూజును దూదితోని తుడుస్తుండు. దవాఖాన వాసనొస్తాంది. జోరు జేస్తె తెగిపోతదంట. తుడువు బిడ్డా, నిమ్మళంగ తుడువు, ఏది తుడుస్తున్నవో చూసుకుంట తుడువు. బూజే తుడుస్తున్నవో, ఇంకేమన్న తుడుస్తున్నవో నాకెట్ల ఎర్కైతది, నువ్వు మీ నాయిన కొడుకువాయె.

గా నాయిన గీ దుకాణంల్నే ఉన్నడు. మూలకు కుర్చీల, నల్లద్దాలు, తెల్లటోపి, చేతిల జపం జేసే తస్బీ దండ తిరుగుతాంది. షుగరు కండ్లను తిన్నదంట, వెలుగు చీకటి తప్ప ఏం కనవడదంట. నిజంగ కనవడదా, కనవడనట్టు కూసున్నడా? నేనొచ్చినప్పుడు ఫరాజ్ వంగి వాళ్ల నాయిన చెవుల చెప్పిండు, అండాలవ్వ వచ్చింది అబ్బా అని. తలకాయ ఊపిండు, గంతే, ఒక్క మాట లేదు. నేనెందుకు మాట్లాడ్త? తెలంగాణ రాకముందు సంది, ఊర్లల్ల సెల్లుఫోన్లు రాకముందు సంది గీ మనిషితోని నాకు మాట లేదు. సంతకొస్తె గీ దుకాణం ముంగట నడవక రోడ్డు దాటి అవతలి దిక్కుకెళ్లి పోయిన. రేషను కార్డుకు ఫొటో కావాల్నంటె బస్సెక్కి ఇంకో ఊరికి పోయి దిగొచ్చిన. చూద్దమని జర ముందుకు వంగి, కండ్లు పెద్దగ జేసి, నాలిక బయటవెట్టి ఎక్కిరిచ్చిన. కదల్లే. గా పొల్ల చూడనే చూసింది. "ఏమైంది అమ్మమ్మా?" అన్నది. "పంట్ల పోక ఇరికింది బిడ్డా" అన్న. లియాఖతు పెదవి జర కదిలినట్టనిపిచ్చింది. కనవడకపోతె పెదవెట్ల కదుల్తది? నా మాట ఇని నవ్విండా? ఏమో, నమ్మరాదు.

నేనొచ్చింది సినిమ కోసం కాదు, మమత పెండ్లి కోసం గూడ కాదు. నా తమ్ముడు లింగస్వామి గా క్యాసెట్ల ఉన్నడు. ఒక్కపారి కదులుతుంటె చూసి పోదామని వచ్చిన. నా చంకల పెరిగినోడు, మా అమ్మ కలుపుకు పోతె నా వీపు మీదనే నిద్రపోయెటోడు, చదువుకు పోయి అన్నలల్ల కలిసిండు. అన్నలంటె తుపాకులు పట్టి అడివిల తిరిగెటోళ్లు, గప్పుడు మా దిక్కు ఊరికి ఒకరన్న ఉండె. వాడు పోయిన సంది మా ఇంటికి పోలీసుల జీపొచ్చుడే వచ్చుడు. గోడకున్న ఫొటోలు వాళ్లు పట్కపోయిండ్రు, పెట్టెల అడుగునున్న ఒక్కదాన్ని మా అమ్మనే పొయ్యిల ఏసింది, మల్లొచ్చి అడుగుతరని. ఏసినంక పొయ్యి ముంగట కూసొని ఏడ్సింది, ఏడ్సుకుంటనే రొట్టె చేసింది. గట్ల నా తమ్ముని మొఖం యాడ లేకుంట పోయింది, నా తలకాయల తప్ప. తలకాయల గూడ అరిగిపోతాంది ఇప్పుడు, ముక్కు యాదికొస్తె కండ్లు యాదికి రావు, కండ్లొస్తె నవ్వు రాదు. ఒక్కోపారి మా మనుమని మొఖం తెచ్చి వానికి పెట్టి, గిదే లింగని మొఖం అనుకుంట, కాదని నాకే ఎర్కైతది.

మమత పెండ్లి ఖాయమైనప్పుడే నాకు గుబులు. పిల్లను గంపల కూసోబెట్టి మేనమామ ఎత్తుకొస్తెనే పందిట్ల పెండ్లి, గది మాకెంత ఎర్కనో పోలీసోళ్లకు గంతే ఎర్క. మేనమామ రాకుంటుంటడా అని పందిరి గుంజకు ఒకడు, బావికాడ ఒకడు, మామూలు బట్టలల్ల నిలవడ్డరు, సుట్టాల తీరు, అయితె చెప్పులు మాత్రం ఒక్క తీరువి. మా చిన్నాయిన కొడుకుతోని గంప ఎత్తిపిచ్చినం. తలువాలు పోసుకునుడు అయింది. గా పోలీసోళ్లు లడ్డూలు జేబుల ఏసుకొని బాట పట్టిండ్రు. గప్పుడు నేను వంటకాడికి పోయిన, నెయ్యి డబ్బ కోసమో దేనికో. అచ్చంపేట దిక్కు నుంచి వచ్చిన వంటోళ్లు, నలుగురైదుగురు, తలలకు రుమాళ్లు, లుంగీలు ఎత్తికట్టిండ్రు. గండ్ల ఒకడు కొప్పెర మీద వంగి, నా దిక్కు చూడకుంటనే, "అక్కా, పప్పుల ఉప్పు చాలిందా చూడు" అన్నడు. లింగడు. "ఎందుకొచ్చినవురా" అని పండ్ల నడుమ అన్న. "గంప ఎత్తనియ్యకపోతిరి, ఒక్క ముద్దన్న పెట్టి పోతనే" అన్నడు. అని నవ్విండు. గా నవ్వే ఇప్పుడు యాదికొస్తలేదు.

బంతి కూసున్నది. పెండ్లికొడుకు దిక్కోళ్లు ఒక వరుస, పిల్లా పిలగాడు ఎదురుంగ, విస్తర్లు, నీళ్లు చల్లుకునుడు. వాడు బకీటు పట్టుకొని వరుసలకు దిగిండు. మమత తలకాయ ఎత్తలే గని దాని భుజాలు చూసి నాకు ఎర్కైంది, దానికి ఎర్కైందని. గప్పుడే లియాఖతు కెమెర భుజం మీదేసుకొని వచ్చిండు, గాయిన ఎనక లైటు పట్టెటోడు, తీగ ఈడ్సుకుంట. తినేటోళ్ల మీదికెళ్లి లైటు పోతాంది, నోట్ల ముద్ద పెట్టుకున్నోళ్లు పెట్టుకున్నట్టే ఆగుతున్నరు, ఆడోళ్లు కొంగు అడ్డం పెట్టుకుంటున్నరు. గా లైటు పోయి పోయి నా తమ్ముని మొఖం మీద ఆగింది. పట్టపగలు ఎండల గూడ తెల్లగ, సున్నం కొట్టినట్టు కనవడ్డది వాని మొఖం. లియాఖతు కన్ను కెమెరల నుంచి తీసిండు. తీసి, ఉట్టి కండ్లతోని వాన్ని చూసిండు. ఇద్దరు గీ కల్వకుర్తి బళ్లెనే ఒక్క బల్ల మీద కూసొని చదువుకున్నోళ్లు. చూసి, మల్ల కన్ను కెమెరకు పెట్టి ముందుకు జరిగిండు. గా చూపు నేను చూసిన. గా ఒక్క చూపును ఇన్నేండ్ల సంది నేను తిప్పి తిప్పి చూస్తున్న, బియ్యంల రాళ్లేరినట్టు. ఏమున్నది దాంట్ల? గుర్తువట్టిండు, గది ఖాయం. గుర్తువట్టి ఏమనుకున్నడు?

వారం తిరగలే. మా ఇంటి పక్క దశరథం సంతకు పోయొచ్చి చెప్పిండు, వదినే, లియాఖతు దుకాణం ముంగట జీపు ఆగింది, క్యాసెట్ చేతిల పట్టుకొని ఎక్కిండ్రు నేను చూసిన అని. రెండో దినమే పేపర్ల ఒచ్చింది, నల్లమల దిక్కు ఎదురుకాల్పులని. పీనిగెను చాపల చుట్టి తెచ్చిండ్రు, మొఖం చూడనియ్యలే. గంతే. ఇంకేం కావాలె సాక్ష్యం? పెండ్లి అంటె పిలిచి, అన్నం పెట్టి, బొమ్మలు తియ్యమంటె, గా బొమ్మలే వాళ్ల చేతిల పెట్టిండు. దినాలకు గూడ రాలే. కడుపుల తప్పు లేనోడైతె రాడా, బళ్లె దోస్తాయె, దూరమన్న నిలవడి పోడా? మా ఇంటాయన క్యాసెట్ తెస్త అంటె, అది గడప తొక్కితె నేను గడప దాటుత అన్న. తేలే. మా ఇంటాయన గూడ పోయిండు. పోయెముందు గూడ ఒకపారి అన్నడు, లియాఖతు గట్లాంటోడు కాదే అని. గట్ల ఎందుకన్నడని నాకు గాయిన మీద గూడ అనుమానమొచ్చింది జర సేపు.

"అమ్మమ్మా, ఇంకొంచెం సేపే" అంటాంది దీప్తి. సినిమల హీరోకు పాత టీవిల వాళ్ల అమ్మానాయినల పెండ్లి కనవడ్తదంట, గా కాలం పెండ్లి ఇప్పుడు చేపిస్తె నకిలీ తీరు ఉంటదంట, అందుకు అసలుదే కావాల్నంట. మొఖాలు మసక జేస్తరంట. మంచిదే. మల్ల బల్ల మీద ఫోను పెట్టి ఎర్రచుక్క ఎలిగిచ్చింది. ఏంది బిడ్డా గది అంటె, మీరు చెప్పేది రికార్డవుతుంది అమ్మమ్మా, ఎవరెవరు కనిపిస్తున్నారో పేర్లు చెప్పండి, వాళ్లనీ అడిగి ఒప్పిస్తేనే మేం వాడుకోవాలి అన్నది. మసక జేసేదానికి పేరెందుకు? నేను గీ తీరు ఎరిగినదాన్నే. గప్పుడు వచ్చినోళ్లు గూడ గిట్లనే, అరుగు మీద కూసొని, చాయ్ తాగి, పిల్లల పేర్లడిగి, మంచిగ నవ్వి, గాయినెవరు గీయినెవరు అని మెల్లగ మొదలువెట్టెటోళ్లు. కాలం మారిందంటరు. పాత కేసులు పోయినయంటరు. పోతె పోనీ, వాని పేరు నా నోట్లకెళ్లి ఒక ఎర్రచుక్కల పడి హైదరాబాదు పోవుడు నాకొద్దు. ఇగ మొఖమే కనవడితె? కనవడ్డప్పుడు గీ పొల్ల ఎవరమ్మమ్మా అంటె? చెప్పాల్నా? నా తమ్ముడు అని నేను అననే అనక ఎన్నేండ్లాయె. లెక్కలు రాసుకునెటోళ్లొచ్చి అన్నదమ్ములెంతమందంటె లేరు అని చెప్పిన నోరాయె ఇది. చూడాల్నని ఉన్నది, చూసినంక నోరు కట్టేసుకోవాల్నని ఉన్నది, రెండు ఒక్క గొంతులనే కొట్టుకుంటున్నయి.

ఫరాజ్ క్యాసెట్ మూసిండు. డబ్బల ఏసిండు. కంప్యూటర్ల గీతలు, గీతలు, మల్ల ఎర్రగ ఏదో, గుండెకాయ తీరు బొమ్మొచ్చి దాంట్ల శ్రీశైలం తలకాయ. తామరపువ్వు విచ్చుకొని దాంట్లకెళ్లి మమత తలకాయ. దీప్తి నోటికి చెయ్యి అడ్డం పెట్టుకొని నవ్వింది. నవ్వు బిడ్డా, గప్పుడు గా పువ్వు కోసమే లియాఖతును పిలిచెటోళ్లు, ఇంకెవలకు రాకుండె గా పని. పందిరొచ్చింది. మామిడాకులు. బాజా సప్పుడు జర వంకరగ, నీళ్లల్ల మునిగినట్టు. ఎవరమ్మమ్మా ఈవిడ? మా పెద్దాడబిడ్డ, పోయింది. ఈయన? మా చిన్నాయిన కొడుకు, గంప ఎత్తినోడు, ఉన్నడు, వాన్ని అడుగు, సినిమ అంటె ఎగురుతడు. చెప్తుంటె నోరు దానంతట అదే పోతాంది, ఆపుకుంట ఆపుకుంట గూడ పోతాంది, గంతమంది ఒక్కసారే లేచొచ్చి ముంగట తిరుగుతుంటె ఎట్ల ఊకుంటది. గింతల తెల్ల కమీజు, మెడల కండువ, ఒక మనిషి పందిరి గుంజకు వీపు రాకుకుంట నిలవడ్డడు. ఎద్దు రాకినట్టె. నా కండ్లల్ల నీళ్లు తిరిగినయి. ఈయన పేరు అమ్మమ్మా? "గాయిన పేరు నేను చెప్తనా?" అన్న. అర్థం కాలే పొల్లకు. "బుచ్చయ్య తాత" అన్నడు ఫరాజ్, "అవ్వ పెనిమిటి". వీపు రాకుడు అయిపోయి, కెమెరను చూసి, కండువ సరిజేసుకొని, పెద్దమనిషి తీరు నిలవడ్డడు మా ఇంటాయన. ఆలస్యమైంది గని మంచిగనే నిలవడ్డడు.

బంతి వచ్చింది. విస్తర్లొచ్చినయి. లైటు తెల్లగ ఒక్కొక్కల మొఖం మీదికెళ్లి పోతాంది, గట్లనే, నేను ఎట్ల చూసిన్నో గట్లనే, ముద్దలు ఆగుడు, కొంగులు అడ్డం పెట్టుకునుడు, శ్రీశైలం వాళ్ల మేనత్త నమిలెటందుకు సిగ్గువడుడు. ఇగొస్తడు. ఇగ ఒక్క మనిషి జరిగితె వస్తడు. సీస నా చేతుల నలిగి నీళ్లు చీర మీద పడ్డయి. ఏదో కదిలింది, కూర బకీటు అంచు, ఇంకేదో, అంతల తెర మీద ఒక్కపారి మెరుపు కొట్టి, కోటు ఏసుకున్న మనిషి, ఎనక పచ్చటి చేను. "రైతు సోదరులారా, ఆముదం పంటలో దాసరి పురుగు ఉధృతిని గమనించినట్లయితే, లీటరు నీటికి..." దీప్తి ముందుకు వంగి "ఇదేంటి?" అన్నది. ఫరాజ్ బటన్లు ఒత్తుతుండు. ఆకు మీద ఒక పురుగు నడుము లేపి నడుస్తాంది, పెద్దగ, తెర నిండ. మోసం, మల్ల మోసం జేసిండ్రు, తండ్రి ఒకపారి అమ్మిండు, కొడుకు గిప్పుడు దూదితోని తుడిచిండు, అని నేను కుర్చీలకెళ్లి లేస్తున్న. మూలకెళ్లి గొంతొచ్చింది.

"ఫరాజ్, దాసరి పురుగొచ్చిందా?"

"వచ్చింది అబ్బా. గిదేంది?"

"బంజెయ్యకు. ఎంతసేపున్నదో గంతసేపు పోనియ్యి. గది నేను ఎక్కించిన." తస్బీ దండ ఆగింది. నల్లద్దాలు నా దిక్కు తిరిగినయి, నా మొఖానికి జానెడు పక్కకు. "అక్కా, ఉన్నవా?"

కుర్చీ పట్టుకొని నిలవడ్డ. ఊపిరి సప్పుడుకే ఎర్కైనట్టున్నది.

"మీ పెండ్లి కాడికెళ్లి ఇంటికొచ్చి చేతులు గూడ కడుక్కోలే నేను. టీవి పెట్టిన. ఏదొస్తె అది అనుకున్న. పొలం పాఠం వస్తుండె. లింగడు ఎంతవరకున్నడో గంతవరకు దీన్ని మీదికెళ్లి ఎక్కించిన. వాళ్లొచ్చి పట్కపోయి చూసుకున్నరు. మేనమామను చూద్దమంటె మందు కొట్టెటోడు దొరికిండు వాళ్లకు." పెదవి కదిలింది, ఇందాకటి తీరె. "పెండ్లి మీద పురుగులెక్కిస్తవారా అని ఒక్కటి గుంజి కొట్టిండ్రు. గీ చెవు గప్పటి సంది మోగుతనే ఉన్నది. క్యాసెట్ నా మొఖాన్నే ఇసిరిండ్రు. నీ దిక్కు వస్తె నా ఎనక వాళ్లొస్తుండ్రి అక్కా. గందుకె దినాలకు రాలే."

"తర్వాతన్న చెప్పకపోతివి" అన్న.

"ఏమని చెప్పాలె? వాడు నవ్వుకుంట తిరిగింది గా ఒక్క ముక్కల, గది నేనే తుడిచేసిన అని చెప్పాల్నా? బతికుంటె చెప్పెటోన్ని. ముగ్గురం నవ్వుకుంటుంటిమి."

మల్ల కూసున్న. చేను ఇంకా పోతనే ఉన్నది, కోటాయిన మందు పేర్లు చెప్తుండు. అబద్ధమా? అబద్ధమైతె గీ పురుగెందుకున్నది, ఎక్కించనోనికి గీ పురుగు సంగతెట్ల ఎర్క, ఎవలు చెప్పకముందే గొంతు ఇని పట్టిండు. అంటె గా చూపు గీ చూపా. తుడిచేస్త ఫికర్ చెయ్యకు అన్న చూపా గది. గట్లయితె వాళ్లకు ఎవరు చెప్పిండ్రు? లియాఖతు కాకపోతె ఎవరు? ఇన్నేండ్లు తిట్టెటందుకు నాకొక దుకాణముండె, ఒక బోర్డుండె, రోడ్డు దాటితె అయిపోతుండె. ఇప్పుడు ఏ రోడ్డు దాటాలె? వంటోళ్లల్ల ఎవడన్ననా? నెయ్యి డబ్బ ఇచ్చినోడా? జీపు సంగతి చెప్పింది దశరథం. ఎవల చేతిల ఏమున్నదో గంత మంచిగ కనవడెటట్టు దశరథం యాడ నిలవడ్డడు? నేను గది అడగనే అడగలే. పొద్దుగాల బస్సు కాడ గూడ, యాడికి వదినే గింత పొద్దుగాల అన్నది గాయినె. దవాఖానకు అని చెప్పిన. ఎందుకు అబద్ధమాడిన్నో గప్పుడు నాకు ఎర్కలే. ఏమో, పాపం గాయిన గూడ మా ఇంట్ల తిన్నోడె, లింగడు చిన్నప్పుడు మా ఇంటికొస్తె ఎత్తుకొని ఆడిచ్చినోడె. ఇగ ఊర్ల ఒక్కొక్కల మొఖం మీదికి నేనే లైటు పట్టుకొని పోవాల్నేమో, సచ్చెదాక.

"అమ్మమ్మా, ఇక్కడ చూడండి" అన్నది దీప్తి. ఎనుకకు తిప్పిపిచ్చింది ఫరాజ్‌తోని, పురుగొచ్చెముందటి దాక. "కట్ కొంచెం ఆలస్యంగా పడింది. ఇదిగో."

మేనత్త. విస్తరి. బకీటు అంచు. గా అంచు ఎనకనే ఒక చెయ్యొచ్చింది. మొఖం లేదు, భుజం లేదు, మోచేతి దాకనే. ఎడమచెయ్యి, గంటె పట్టుకున్నది. విస్తరి మీదికి వంగింది. ఆగింది. ఎవలో ఏమన్నట్టున్నది. చెయ్యి ఎనుకకు పోయింది, పోయి, కుడిచేతిల గంటె పట్టుకొని మల్లొచ్చింది, కూర పెట్టింది. ఎంత సేపు, కన్ను రెండుమార్లు ఆర్పినంత. మెరుపు. చేను. వాడు పుర్రచెయ్యోడు. ఎడమచేతితోని ముద్ద ఎత్తినప్పుడల్ల మా అమ్మ గంటె తిరగేసి కొట్టేది, గా చెయ్యి గిట్లనే ఎనుకకు పోయి, గింత సేపు ఆగి, కుడిచెయ్యి వచ్చేది, మమ్ముల మెప్పిచ్చెటందుకు. పండుగకు అటుకులు పెట్టినా గట్లనే, బడికి పలక పట్టినా గట్లనే. తుపాకి ఏ చేతితోని పట్టిండో నాకెర్కలే. కూర మాత్రం కుడిచేతితోనే పెట్టిండు నా బిడ్డ పెండ్లిల, నలుగుర్ల నా పరువు తియ్యలే.

"ఈ చెయ్యి ఎవరిదమ్మమ్మా?" ఎర్రచుక్క ఎలుగుతాంది. పొల్ల కండ్లల్ల ఏ మోసం లేదు, నిజంగ ఎర్క కావాల్నని అడుగుతాంది, పనిమంతురాలు. చెప్తె ఏమైతది, ఏం గాదేమో. నాలిక కొసకొచ్చింది వాని పేరు.

"ఎవలదో బిడ్డా" అన్న. "వంటోళ్లు అచ్చంపేట దిక్కు నుంచొచ్చిండ్రు. చేతులు చూసి ఎవల్ని గుర్తువడ్త?"

లియాఖతు కుర్చీల నిటారుగ కూసున్నడు. టోపి సరిజేసుకున్నడు. చెయ్యి ఉన్నదని గాయినకు ఎర్కలే, గిప్పటి దాక ఎర్కలే, మొత్తం తుడిచిన్ననుకున్నడు.

"ఏం కూర అక్కా?"

"వంకాయ."

"మంచిగ వడ్డిస్తుండా?"

"మంచిగనే వడ్డిస్తుండు" అన్న.

దండ మల్ల తిరుగుడు మొదలువెట్టింది. దీప్తి ఇద్దర్ని చూసింది, ఒకలెనక ఒకల్ని. గంప ఎత్తుడు తీస్కపో బిడ్డా అన్న, తలువాలు తీస్కపో, మా ఇంటాయన వీపు రాకుడు గూడ తీస్కపో, మసక గూడ చెయ్యకు, పదిమంది చూసి నవ్వుకోనీ. బంతి మాత్రం ఇయ్య. ఎందుకమ్మమ్మా, చాలా సహజంగా ఉంది అన్నది. తినేటోళ్ల బొమ్మ తెరల ఎక్కిస్తె దిష్టి తగుల్తది, మా దిక్కు ఎక్కియ్యరు అన్న. నిజమే అన్నడు మూలకెళ్లి లియాఖతు, ఎక్కియ్యరు.

పొల్ల ఫోను మీద ఎర్రచుక్క ఆర్పింది. నేను కుర్చీ జరుపుకొని తెర ముంగటికి వచ్చిన. "ఫరాజ్, మల్లొక్కపారి తిప్పు బిడ్డా" అన్న. "వంకాయల నూనె ఎక్కువైందని గప్పుడు మా ఆడబిడ్డ వంకవెట్టింది. ఎక్కువైందో లేదో చూస్త."